సిస్టర్ రోజలిన్ పక్కన నాకు మాటొచ్చిన దినం

సహోదరులారా, బడిల పిల్లలు లేచి నిలబడి గుడ్ మార్నింగ్ టీచర్ అంటే, తిరిగి ఒక్క మాట అనలేక తలకాయ మాత్రం ఊపి కూసున్న టీచరమ్మను నేను. నోరు తెరిస్తే గాలి వచ్చేది, సప్పుడు వచ్చేది కాదు. వెనక బెంచీల పిల్లలు ఒకరి మొఖం ఒకరు చూసుకునుడు, ముందు బెంచీల పిల్లలు పాపం నా పెదవులు చూసి ఏమన్ననో కనుక్కోవాలని ముందుకు వంగుడు, అది చూసి నేను బోర్డు దిక్కు తిరిగి నిలబడేది. చేతిల చాక్‌పీసు ఉంది, ఎదురుంగ పిల్లలున్నరు, మనసు నిండ పాఠం ఉంది, కానీ గొంతు లేదు. పంట కాలువకు నీళ్లు బందైతే పొలం ఎట్లుంటదో గట్ల ఉండె నా బతుకు.

నా పేరు రాజమణి. మీల చానామందికి సిరిసిల్ల టీచరమ్మగ తెలుసు, ఇంకొందరికి కోరుట్లల టైలర్ జోసెఫ్ భార్యగ తెలుసు. ఇయ్యాల మన సిస్టర్లు ఈ ప్రాంతానికి వచ్చి ఇన్నేండ్లయినందుకు కృతజ్ఞతా బలిపూజ పెట్టుకున్నం, పూజ కాంగనే సాక్ష్యం చెప్పాలె రాజమణమ్మా అని ఫాదర్ గారు అన్నప్పుడు నేను కాదనలేకపోయిన. గొంతు జర బొంగురుగ వినపడ్తది, ఓపిక పట్టుండ్రి. గీ బొంగురు గొంతే నా సాక్ష్యం. దేవునికే మహిమ!

అయితే ఆ తల్లుల కథ చెప్పకుంట నా కథ చెప్పరాదు, ఎందుకంటే వాళ్లు లేకుంటే నాకు పోవడానికి గొంతే ఉండకపోవు.

నేను పుట్టింది సిరిసిల్లల. మా బాపు సాంచల మీద పని చేస్తుండె, సాంచలంటే కరెంటు మగ్గాలు, మీకు తెలియంది కాదు. ఆ సప్పుడుల పక్కనున్న మనిషికి మాట చెప్పాలన్నా కేక పెట్టాలె, అందుకే మా వాడకట్టుల అందరి గొంతులు పెద్దయే. బాపు ఛాతి జబ్బుతోని పోయినంక మా అవ్వ నన్ను ఎత్తుకొని కోరుట్లకు, తన తల్లిగారింటికి వచ్చింది. కోరుట్లల ఆడోళ్లకు ఏం పని ఉంటది సహోదరులారా, బీడీలు చేసుడే కదా! అవ్వ చాట ముందట పెట్టుకొని కూసుంటే నేను పక్కన కూసొని ఆకు కత్తిరిస్తుంటి, తర్వాత్తర్వాత నేనూ చుట్టుడు నేర్సుకున్న. మా ఇంట్ల పొద్దంత తునికాకు వాసన, తంబాకు వాసన. అన్నం కలిపినా చేతికి గదే వాసన. ఇప్పటికీ ఏ వాకిట్ల నుంచన్న ఆ వాసన వస్తే నా కాళ్లు ఆగిపోతయి, మా అవ్వ పిలిచినట్టే ఉంటది.

గా రోజులల్ల జగిత్యాల నుంచి వచ్చిన బస్సుల ముగ్గురు కన్యస్త్రీలు రేకు పెట్టెలు పట్టుకొని కోరుట్లల దిగిండ్రట. తెల్ల చీరెలు చూసి దవాఖాన నర్సులేమో అనుకున్నరట అందరు. సూది వెయ్యుండ్రి అమ్మా, పిల్లగానికి జరమొచ్చింది అని ఒకామె బిడ్డనెత్తుకొని ఉరికొచ్చిందట, అవ్వ చెప్పి చెప్పి నవ్వేది. వాళ్లకు కిరాయికి ఇల్లు ఇయ్యడానికి ఎవ్వరూ ముందుకు రాలే, మొగదిక్కు లేనోళ్లకు ఎట్లియ్యాలె అన్నరు. ఆఖరికి కరీం సాబ్ అని ఒక పెద్దాయన, ఆకు వ్యాపారం చేసి వయసు మీదపడి మానుకున్నడు, తన పాత గోదాం చూపిచ్చి, "మీరు చదువు చెప్తరంటున్నరు, నా మనుమరాలు కూడ ఉంది, దాంతోని మొదలుపెట్టుండ్రి" అన్నడట. గట్ల తునికాకు గోదాంల, ఒక్క ముసల్మాన్ పిల్లతోని మన సిస్టర్ల బడి మొదలైంది. ఇయ్యాల మీరు చూస్తున్న మూడంతస్తుల బడి కాదు అది, కింద మట్టి, పైన రేకులు, మూలకు ఎండాకుల కుప్ప.

ఆ ముగ్గురిల సిస్టర్ రోజలిన్ చిన్నామె. కేరళ మనిషి. సన్నగ, నల్లగ, మస్తు ఉరుకులాటగ ఉండేది, ఎండాకాలం వానాకాలం అనకుంట నల్ల గొడుగు పట్టుకొని వాడకట్టులన్ని తిరిగేది. మా ఇంటికి కూడ వచ్చింది. అవ్వతోని, "అమ్మా, మీ అమ్మాయిని పాఠశాలకు పంపండి" అన్నది పుస్తకంల ఉన్నట్టు. అవ్వ తలెత్తలే. చేతులు ఆగలే. "బిడ్డ బడికి పోతే బీడీలెవలు చెయ్యాలె సిస్టరూ, నువ్వు చేస్తవా?" అన్నది.

ఉత్తగ అన్నమాట అది. కానీ సిస్టర్ గొడుగు మూలకు పెట్టి, కింద కూసొని, "నేర్పండి, చేస్తాను" అన్నది.

సహోదరులారా, దేవుడు సాక్షి, చేసింది! నేను బడికి పోయిన పూటల్ల వచ్చి మా అవ్వ పక్కన కూసొని, నా చాట ముందట పెట్టుకొని బీడీలు చుట్టేది. మొదట్ల ఏం వచ్చేది, ఒకటి లావు, ఒకటి సన్నం, కార్ఖానల మున్షీ చూసి పక్కకు పారేసేటోడు, అవ్వ తిట్టుకుంట విప్పి మళ్ల చుట్టేది. రాంగ రాంగ చెయ్యి తిరిగింది. మా వాడకట్టు ఆడోళ్లు పని పక్కన పెట్టి చూడవచ్చేటోళ్లు. జగిత్యాలల ఉండే పెద్ద సిస్టరుకు ఈ సంగతి తెలిసి, గిదేం పని, తంబాకు పట్టుకునుడు కన్యస్త్రీలు చేసే పనా అని కోపం చేసిందట. సిస్టర్ రోజలిన్ తల వంచుకొని విన్నది, మరి ఆ పిల్లను గోదాంల కూసుండబెట్టాలంటే వేరే తొవ్వ చెప్పుండ్రి అన్నది, మరునాడు మళ్ల మా ఇంటికొచ్చి చాట ముందట కూసున్నది. ఆ ఏడాది పోంగ పోంగ మా వాడకట్టు ఆడోళ్లే సిగ్గుపడి, "సిస్టరూ నువ్వు లే, బిడ్డలను మేము పంపుతం" అన్నరు. మా అవ్వ అందరికంటె ముందుగాల అన్నది.

ఆ గోదాం బడి తలుచుకుంటే నాకు ఇప్పుడు కూడ కడుపు నిండుతది. వాన పడితే రేకుల మీద సప్పుడుకు పాఠం వినపడకపోయేది, సిస్టర్ నన్ను లేపి, "రాజమణీ, నువ్వు చదువు, నీ గొంతు వానకంటె పెద్దది" అనేది, నేను నిలబడి అక్షరాలు ఒర్లుతుంటే అందరు నా ఎంబడి అనేటోళ్లు. అ ఆ ఇ ఈ అని పోతుంటే ఋ దగ్గర మేము దాటేసేటోళ్లం, అది రాయవస్తలేదని. సిస్టర్ అస్సలు ఒప్పకపోయేది, "తప్పు! ఋ లేకుంటే ఋషి ఎట్లా వస్తాడు, ఋణం ఎట్లా తీరుతుంది?" అని మళ్ల మొదట్నుంచి అనిపిచ్చేది. ఆమె తెలుగు మాకు నవ్వొచ్చేది, మా తెలుగు ఆమెకు అర్థం కాకపోయేది. నాన్న వచ్చాడా అంటే మేము, బాపు అచ్చిండు సిస్టర్ అని దిద్దేటోళ్లం. కొన్నాళ్లకు ఆమె కూడ, "ఏందే, గింత ఆలస్యం జేసినవ్, ఏడికి పోయినవ్" అని మా అవ్వలెక్కనే మాట్లాడుడు షురువు చేసింది. మక్క గడక మజ్జిగల కలుపుకొని తినుడు నేర్సుకున్నది. బతుకమ్మ పండుగకు మా వాడకట్టుకొచ్చి, చీరె కొంగు నడుముకు చెక్కి, ఆడపిల్లలతోని చప్పట్లు కొట్టుకుంట తిరిగింది, అడుగు ఎప్పుడూ మాకంటె ఒకటి వెనక పడేది, పిల్లలు పడీపడీ నవ్వేటోళ్లు, ఆమె ఇంకా ఎక్కువ నవ్వేది.

మధ్యాహ్నం అన్నాలు తిన్నంక ఆమె మాకు వాళ్ల కన్యస్త్రీల సభను మొదలుపెట్టిన తల్లి కథ చెప్పేది. సముద్రాలకవతల, ఎప్పుడో పాతకాలంల, యుద్ధాల వల్ల ఊర్లకు ఊర్లు పాడైనప్పుడు, పేదింటి ఆడపిల్లలకు చదువెందుకు అని అందరు అనుకున్న కాలంల, ఒక తల్లి పశువుల కొట్టంల గడ్డి పరిచి బట్టలు నేసేటోళ్ల బిడ్డలను కూసుండబెట్టి అక్షరాలు చెప్పిందట. ఆమెను చూసి ఇంకో ఇద్దరు, వాళ్లను చూసి ఇంకొందరు, గట్ల ఓడలెక్కి దేశాలు దాటి వచ్చి వచ్చి ఆఖరికి కోరుట్ల గోదాం దాక వచ్చిండ్రు. "బట్టలు నేసేటోళ్ల బిడ్డలు అంటే మా లెక్కనేనా సిస్టర్?" అని నేనడిగిన. సిస్టర్ నా నెత్తి మీద చెయ్యి పెట్టి, "మీ కోసమే బయలుదేరింది ఆమె, చేరడానికి జర ఆలస్యమైంది, అంతే" అన్నది. చిన్నపిల్లను, నిజంగనే నాకోసమే వచ్చిందనుకున్న. ఇప్పుడు గింత వయసొచ్చినంక కూడ గట్లనే అనుకుంటున్న.

తర్వాత వాళ్లే నన్ను జగిత్యాల హాస్టల్ల పెట్టి చదివిచ్చిండ్రు, టీచర్ ట్రెయినింగ్ చేయిచ్చిండ్రు. ఒక్క మాట ఇక్కడ చెప్పాలె. సిస్టర్లు ఎన్నడూ నన్ను మతం తీసుకో అని అడగలే, కరీం సాబ్ మనుమరాలిని అడగలే, ఎవ్వరిని అడగలే. నేనే వాళ్ల బతుకు చూసి, గీళ్లను గిట్ల నడిపించే ప్రభువు ఎవరో చూడాలె అని వాళ్ల ఎంబడి పడ్డ, మా అవ్వ ఒప్పుకున్నంక జ్ఞానస్నానం తీసుకున్న, జోసెఫ్‌ను చేసుకున్న. అటెన్క సిరిసిల్లల సిస్టర్లు కొత్తగ బడి పెడితే నన్ను టీచరుగ పంపిండ్రు. నేను పుట్టిన వాడకే! చుట్టూ సాంచలు, నడుమ బడి. కిటికీలు మూసినా సప్పుడు ఆగది. ఎండాకాలం కిటికీలు తెరవక తప్పది. పిల్లలకు వినపడాలంటే ఒర్లాలె, నేను ఒర్లిన, ఏండ్లకేండ్లు ఒర్లిన, నాకు అది కష్టం అనిపియ్యలే. ఆ పిల్లల తల్లులు బీడీలు చేసేటోళ్లు, తండ్రులు సాంచలు నడిపేటోళ్లు, ప్రతి మొఖంల నా మొఖమే కనపడేది.

గట్లుండంగ మెడకు గడ్డ లేచింది. మొదట్ల చిన్నగ ఉండె, చీరె కొంగు కప్పుకొని తిరిగిన, తర్వాత మింగనియ్యలే. పెద్ద దవాఖానల చూపిస్తే థైరాయిడు గడ్డ, తియ్యాలె అన్నరు, తీసిండ్రు. గడ్డ మంచిదే, కాన్సర్ కాదు, దేవునికి స్తోత్రం! కానీ అది గొంతు నరానికి అతుక్కొని పెరిగిందట, ఎంత జాగ్రత్తగ తీసినా నరం దెబ్బతిన్నది. డాక్టరమ్మ మంచామె, ముందుగాలనే చెప్పింది గిట్ల కావచ్చని, నేనే నాకెందుకైతది అనుకున్న. మెలకువ వచ్చినంక జోసెఫ్‌ను పిలుద్దామని నోరు తెరిచిన. గాలి. ఉట్టి గాలి. మళ్ల పిలిచిన. ఆయన స్టూలు మీద కూసొని కిటికీల నుంచి బయటికి చూస్తనే ఉన్నడు, నేను పిలుస్తున్నట్టు ఆయనకు తెల్వనే లేదు.

తిరిగి రావచ్చు, రాకపోవచ్చు, సాధన చెయ్యాలె, ఓపిక పట్టాలె అని డాక్టరమ్మ చెప్పింది. సాధన చేసే తీరు నేర్పిచ్చిండ్రు. నేను బడికి పోయిన, అప్పటి సంగతే మీకు మొదట చెప్పింది. పిల్లలు నవ్వలే, ఒక్క పిల్లగాడు కూడ నవ్వలే, అదే నన్ను ఎక్కువ ఏడిపిచ్చింది. సిస్టర్లు పని నుంచి తియ్యలే, లైబ్రరీ చూసుకో అన్నరు, నేనే ఉండలేక కోరుట్లకు ఇంటికొచ్చి కూసున్న. సాధన మానేసిన. వంట చేసుడు, గుండీలు కుట్టుడు, జోసెఫ్ దుకాణం నుంచి తెచ్చిన అంగీలకు కాజాలు వేసుడు. ఇంట్ల రేడియో కూడ పెట్టనియ్యకపోదును. ఎవరన్న మాట్లాడుడు వింటే కూడ బాధనే. మా జోసెఫ్ తక్కువ మాట్లాడే మనిషి, నా మూలంగ ఇంకా తక్కువ చేసిండు, ఇద్దరం గంటలు గంటలు కత్తెర సప్పుడు వినుకుంట కూసునేటోళ్లం.

ఆదివారం పూజకు పోతుంటి, కానీ పాట మొదలైతే కండ్లల్ల నీళ్లు, ఎందుకంటే నేను గుడిల పాటెత్తే మనిషిని. పెదవులు కదిలియ్యబుద్ధి కాకపోయేది. లోపట మాత్రం ఒకటే ప్రార్థన. "ప్రభువా, గీ గొంతు నువ్వే ఇస్తివి, పిల్లలకు చెప్పుమని నువ్వే పంపితివి, మరి ఇప్పుడు నన్నేం చెయ్యమంటవు? గొంతు ఇయ్యకుంటే ఇయ్యకు, నన్ను ఎక్కడ కూసోమంటవో అదన్న చెప్పు!" రోజూ గదే అడిగేది. జవాబు లేకపోయేది. లేదనుకున్న.

ఒకనాడు పొద్దుగాల జగిత్యాల కాన్వెంటు నుంచి సిస్టర్ జెసింత వచ్చింది. ఇప్పుడు మన మధ్యల కూసున్నది, ఆమే. కాఫీ కూడ తాగకుంట, "టీచరమ్మా, సిస్టర్ రోజలిన్‌కు పక్షవాతం వచ్చింది, ప్రాణాపాయం తప్పింది, కానీ మాట పోయింది" అన్నది.

నేను కుడుతున్న కాజా ఇడిసిపెట్టి లేచి నిలబడ్డ. ముసలామె అయింది, జగిత్యాలల ముసలి సిస్టర్లుండే ఇంట్ల ఉంటున్నదని తెలుసు, నా ఆపరేషనయినంక నేనే పోలే, ఆమెకు ఈ మొఖం ఎట్ల చూపియ్యాలె అని.

"నువ్వొచ్చి ఆమె దగ్గర కూసోవాలె" అన్నది సిస్టర్ జెసింత.

నేను నా గొంతు చూపిచ్చుకొని, గుసగుసగ, నాకే మాట లేదు, నేనేం చేస్త అన్న.

"మాటలొచ్చే వాళ్లం మేము చానామందిమి ఉన్నం, టీచరమ్మా. మలయాళంల పిలిచినం, ఇంగ్లీషుల పిలిచినం. ఆమె గోడ దిక్కు తిరిగి పండుకుంటది. మాకందరికి అంత జల్ది జల్ది మాట్లాడొస్తుంటే ఆమెకు సిగ్గేస్తుందేమో. నీ దగ్గర ఆ సిగ్గుండదు కావచ్చు."

జోసెఫ్ మిషన్ ఆపి నన్ను చూసిండు. "పోయి రా, మణీ" అన్నడు. గంతే. బస్టాండు దాక తానే తోలుకొచ్చిండు.

సహోదరులారా, నేను ఆ గదిల అడుగుపెట్టిన. గంత ఉరుకులాట మనిషి మంచంల ఇంతే ఉంది, కుడి చెయ్యి ఒళ్లె పెట్టిన వస్తువు లెక్క పడి ఉంది, మూతి ఒక దిక్కు జర వంకర పోయింది. నన్ను గుర్తుపట్టింది. కండ్లు గుర్తుపట్టినయి. ఏదో అనబోయి, ఆ ఆ అని ఆగి, కండ్లు మూసుకున్నది. నేనూ సిస్టర్ అనబోయిన, గాలి వచ్చింది. ఆమె కండ్లు తెరిచి నా గొంతు మీది గీత చూసింది. ఎడమ చెయ్యి లేపి ఆ గీత మీద వేలు పెట్టింది. ఇద్దరం ఏడ్చినం, ఏడుపు కూడ సప్పుడు లేకుంటనే!

నేను అక్కడనే ఉండిపోయిన. సిస్టర్లు నాకు చిన్న గది ఇచ్చిండ్రు. పొద్దుగాల ఆమెకు మొఖం కడిగి, జావ తాగిచ్చి, ఎండపొడకు వరండాల కుర్చీల కూసుండబెట్టేది. దవాఖాన నుంచి వచ్చే అమ్మాయి, చిన్న చిన్న శబ్దాలు పలికియ్యుండ్రి, నోరు ఎట్ల తెరవాలో చూపియ్యుండ్రి అని చెప్పిపోయింది. శబ్దాలంటే నాకేం వచ్చు? ఒకటో తరగతి టీచరును, అ ఆ లు వచ్చు. ఆమె ఎదురుంగ స్టూలేసుకొని, నోరు పెద్దగ తెరిచి అ అని చూపిచ్చేది. నాకు గాలే వచ్చేది, ఆమెకు ఏదో సప్పుడు వచ్చేది. నాకు నోటి తీరు ఉంది, సప్పుడు లేదు, ఆమెకు సప్పుడుంది, తీరు లేదు. దారిల పోయే చిన్న సిస్టర్లు చూసి కండ్లు తుడుసుకునేటోళ్లు. మొదట్ల ఆమె మొఖం తిప్పుకునేది, అలిసిపోయేది, ఒక్కోసారి ఎడమ చేత్తోని నన్ను నూకేసేది. నేను పోయేదాన్ని కాదు. ఆమెకు పలికియ్యాలంటే నేను పలకాలె కదా, ఇంట్ల మూలకు పడేసిన సాధన, తెలియకుంటనే పొద్దుమాపు చేసుడు మొదలైంది. నా కోసం చెయ్యలే, ఆమె కోసమే చేసిన. దేవుడు నన్ను ఎక్కడ కూసోమన్నడో నాకప్పుడు సమజయింది, ఆ స్టూలు మీద!

ఈస్టరు ముందటి తపస్సు కాలం వచ్చింది. ఎండలు మొదలైనయి. ఒకనాడు నాకు నిద్రలేక, మనసు బాగలేక, అక్షరాలు ఏదో చెప్పాలె కాబట్టి చెప్తున్న, కండ్లు ఎటో ఉన్నయి. అ, ఆ, ఇ, ఈ, ఉ, ఊ, ఎ...

"తప్పు."

నేను వెనక్కి తిరిగి చూసిన, ఎవరన్న వచ్చిండ్రేమో అని. ఎవరూ లేరు. సిస్టర్ రోజలిన్ నన్నే చూస్తున్నది, కనుబొమ్మలు ముడేసి, గోదాం బడిల చూసినట్టే చూస్తున్నది. "తప్పు," అన్నది మళ్ల, ముద్దగ, వంకరగ, కానీ ఎవ్వరికైనా అర్థమయ్యేటట్టు. ఎడమ చేతి వేలు గాలిల సుట్టుకుంట సుట్టుకుంట రాసింది. ఋ!

సహోదరులారా, పక్షవాతం ఆమె మలయాళం తీసుకపోయింది, ఇంగ్లీషు తీసుకపోయింది, కానీ ఆమెలున్న పంతులమ్మను ముట్టలేకపోయింది! నాకు నవ్వు ఆగలే. కడుపుల నుంచి వచ్చింది, ఛాతిల నుంచి వచ్చింది, గొంతు దాటి బయటికి వచ్చింది. సప్పుడుతోని వచ్చింది! బొంగురుగ, తుప్పుపట్టిన తలుపు తెరిసినట్టు, కానీ సప్పుడు! నేను నా నవ్వు విని భయపడి నోటికి చెయ్యి అడ్డం పెట్టుకున్న. సిస్టర్ ఆ చెయ్యి పట్టి కిందికి గుంజింది. ఆమె కూడ నవ్వుతున్నది, ఒక దిక్కు మూతితోని. వంటింట్ల నుంచి సిస్టర్ జెసింత గరిటె పట్టుకొనే ఉరికొచ్చింది, ఎవరు నవ్విండ్రు, ఎవరు నవ్విండ్రు అని. మేము చెప్పనేలే, చెప్పవస్తలేదు, ఒకరినొకరం చూపెట్టుకున్నం. అందరం ఆ వరండాలనే మోకాళ్ల మీద పడ్డం. ప్రభువా, నీకే స్తోత్రం, ప్రభువా, నీకే మహిమ!

ఒక్కనాడే అంత అయిపోయిందని మీకు చెప్తే అబద్ధమైతది, గుడిల అబద్ధం చెప్పరాదు. ఆ నవ్వు తర్వాత మళ్ల మాట కోసం చాన కష్టపడ్డ. ఒకనాడు వచ్చేది, మరునాడు పోయేది. డాక్టరమ్మ లోపటికి లైటేసి చూసి, నరం జర కదులుతున్నది, గిట్లనే సాధన చెయ్యి అన్నది. నరం కదిలిందని ఆమె అన్నది, కదిలిచ్చినోడు ఎవడో నాకు తెలుసు. వైద్యం చేసేటోళ్ల చేతులు కూడ ఆయనయే కదా! నా పాత గొంతు ఆయన మళ్ల ఇయ్యలే. గా పెద్ద గొంతు పోయింది, పాటెత్తుడు ఇప్పుడు వస్తలేదు. నేను అడిగినప్పుడల్ల అదే గొంతు అడిగిన, ఆయన వేరే గొంతు ఇచ్చిండు, కిందికున్న గొంతు, మెల్లగ మాట్లాడే గొంతు. వినాలంటే పిల్లలు దగ్గరికి జరగాలె, జరుగుతున్నరు కూడ.

సిస్టర్ రోజలిన్‌కు ఇంకొన్ని మాటలు తిరిగొచ్చినయి. అన్నీ మన తెలుగే. నీళ్లు, సాలు, ఏందే, కూసో. పండుగనాడు జోసెఫ్ చూడవస్తే అతని చెయ్యి పట్టుకొని, "బీడీ?" అన్నది ఎగతాళిగ, ఆయన జన్మల తాగనోడు, సిగ్గుపడిపోయిండు. కరీం సాబ్ మనుమరాలు ఇప్పుడు నాయనమ్మ అయింది, ఆమె కూడ కోరుట్ల నుంచి వచ్చి మంచం పక్కన కూసొని తన తీరున దువా చేసుకున్నది, నేను నా తీరున ప్రార్థించిన, సిస్టర్ ఇద్దరి చేతులూ వదల్లే. ఆ సాయంత్రం ముగ్గురం గోదాంను యాది చేసుకున్నం. ఇద్దరం చెప్తుంటే ఆమె కండ్లతోనే చెప్పింది. అంత సంతోషమైన సాయంత్రం నా బతుకుల తక్కువ.

పోయిన వానాకాలంల ఒకనాడు పొద్దున్నే ఆమె ప్రశాంతంగ ప్రభువు దగ్గరికి పోయింది. నేను పక్కన్నే ఉన్న, జావ గిన్నె చేతిల ఉంది. "సాలు" అన్నది, జావ గురించే అనుకున్న. గట్లనే కండ్లు మూసింది. ఆమెను మట్టి చేసేనాడు కోరుట్ల నుంచి బీడీలు చేసే ఆడోళ్లు ఆటోల నిండ వచ్చిండ్రు, పని దినం, ఆ పూట కూలి పోతదని తెలిసీ వచ్చిండ్రు. సిరిసిల్ల నుంచి సాంచలు నడిపే మొగోళ్లు వచ్చిండ్రు. ఎవరి చేతిల బంతిపూలు, ఎవరి చేతిల తంగేడు. సమాధి పూజల మొదటి పఠనం చదువుమని నాకు చెప్పిండ్రు. నేను చదివిన. ఆఖరి దాక ఆగకుంట చదివిన. ఆ పొద్దు నా గొంతు ఎట్లున్నదో నాకు తెల్వదు, కానీ వెనక నిలబడ్డ ఒక ముసలవ్వ తర్వాత వచ్చి, "అంతా వినపడ్డది బిడ్డా" అన్నది. ఇంకేం కావాలె ఒక టీచరమ్మకు!

ఇప్పుడు నేను మళ్ల సిరిసిల్లల ఉన్న. మన సాంచల మీద పని చేసేటందుకు బయటి రాష్ట్రాల నుంచి కుటుంబాలు వచ్చినయి, వాళ్ల పిల్లలకు మన భాష రాదు, బడిల మూలకు కూసొని మొఖాలు చూస్తుంటరు. సిస్టర్లు వాళ్ల కోసం వేరే తరగతి పెట్టి నాకిచ్చిండ్రు. మాట రాని పిల్లల తకలీఫ్ ఎట్లుంటదో నాకంటె ఎవరికి తెలుసు? మొన్న ఒక ఒరియా పిల్ల, బడికి వచ్చినకాణ్నుంచి నోరు తెరవనిది, నా చీరె కొంగు గుంజి, "టీచర్, వానొస్తుంది" అన్నది. వాన నిజంగనే వస్తుండె. తరగతి అంత లేచి చప్పట్లు కొట్టింది.

సహోదరులారా, ఈ సిస్టర్ల సభ ఎప్పుడు పుట్టింది, ఎన్ని దేశాలల్ల ఉంది, అది పెద్దలు చెప్తరు. నాకు తెలిసిన చరిత్ర గింతే, ఒక మనిషి గొడుగు మూలకు పెట్టి కింద కూసున్నది. మా పక్కన కూసున్నది, లేవలే. దేవుడు ఎట్లుంటడని ఎవరన్న అడిగితే నేను గదే చెప్త.

ఇక్కడ కూసున్న మీల ఎవరికి ఏ చీకటి ఉన్నదో నాకు తెల్వదు. ఎవరికి రోగమో, ఎవరికి ఇంట్ల పోరో, ఎవరికి మనసుల బండ రాయో. మొక్కవస్తలేదు, మాటలు వస్తలేవు అని గుడికి రాకుంట ఉండకుండ్రి. నేను మాట లేకనే వచ్చిన, పెదవులు కదపకనే వచ్చిన, ఆయన నన్ను వెనక్కి పంపియ్యలే. మీరు అడిగినదే ఇస్తడని నేను చెప్పను, నాకు ఇయ్యలే. కానీ కూసోవడానికి చోటు చూపిస్తడు, మీకంటె ఎక్కువ కష్టంల ఉన్నోళ్ల పక్కన చూపిస్తడు, ఆడ కూసున్నంక చూడుండ్రి ఏమైతదో. ఆయనను నమ్ముండ్రి, నా తల్లులారా, నా తండ్రులారా. నమ్మి నేను పాడు కాలే.

నన్ను చదివిచ్చిన తల్లులకు, నన్ను ఇడిసిపెట్టని నా జోసెఫ్‌కు, ఇంతసేపు ఈ బొంగురు గొంతు విన్న మీకందరికీ దండాలు. మహిమ అంతా యేసు ప్రభువుకే. ఇగ లేవుండ్రి, భోజనాలు పెట్టిండ్రు, ముసలోళ్లను ముందు కూసుండబెట్టుండ్రి.